కొండపల్లి: సరిహద్దు కొండ, ఉప్పు దారి

ప్రతి కార్తీక మాసంలో ఒక ఆదివారం మా హాస్టల్ పిల్లల్ని కొండపల్లి తీసుకెళ్తాం. విజయవాడ నుంచి ఇరవై కిలోమీటర్ల లోపే. పులిహోర డబ్బాలు, మంచినీళ్ళ క్యాన్లు, దెబ్బలకు మందులపెట్టె సర్దుకుని తెల్లవారకముందే బయలుదేరితే ఎండ ముదిరేలోగా కోటలో ఉంటాం. పిల్లల్లో మైలవరం, ఎ.కొండూరు, జగ్గయ్యపేట వైపు తండాల నుంచి వచ్చిన లంబాడీ అమ్మాయిలే ఎక్కువ. ఎరుకల పిల్లలున్నారు, దివిసీమ నుంచి వచ్చిన యానాదుల పిల్లలూ ఉన్నారు.

రెండేళ్ళ కిందట ఎనిమిదో తరగతి అమ్మాయి ఒకతె కోటలో ఉన్న బోర్డులన్నీ ఒక్కటీ వదలకుండా చదివింది. చివర్లో మా దగ్గరకొచ్చి, "మేడం, రెడ్డి రాజులున్నారు, గజపతులున్నారు, నవాబులున్నారు, ఇంగ్లీషు దొరలున్నారు. మనవాళ్ళేరి మేడం?" అంది. "ముందు అన్నం తినండి, తర్వాత చెప్తాం" అన్నాం. నిజానికి మాకప్పుడు జవాబు తెలియదు. టీచర్ ట్రైనింగులో మేము చదివిన చరిత్రంతా ఎవరి తర్వాత ఎవరు గద్దెనెక్కారన్న వరస. సంఘం పెద్దలు ఈ సంచికకు ఏదైనా రాయమన్నప్పుడు, ఆ పిల్లకు బాకీ ఉన్న జవాబే రాద్దామనుకున్నాం.

కొండపల్లిని ఎప్పుడూ చూడని వాళ్ళ కోసం ముందు ఊరి సంగతి. కొండ కింద ఊరు, కొండ మీద కోట, చుట్టూ రిజర్వు ఫారెస్టు. ఊరి నుంచి కోటకు పాత మెట్ల దారి ఉంది. అడవిలోంచి తిరిగి వెళ్ళే ఘాట్ రోడ్డు కూడా ఉంది. కాళ్ళలో బలమున్నవాళ్ళు మెట్ల దారినే ఎక్కండి. పైకి వెళ్ళాక పెద్ద రాతి ద్వారం వస్తుంది. యుద్ధంలో ఇక్కడ చనిపోయాడని చెప్పే గులాబ్ షా దర్గా పక్కనే ఉండటంతో దానికి దర్గా దర్వాజా అని పేరొచ్చింది. రెండో చివర గోల్కొండ దర్వాజా. అది జగ్గయ్యపేట వైపు, అంటే హైదరాబాద్ దారి వైపు తెరుచుకుంటుంది. మధ్యలో మూడంతస్తుల బురుజు, తానీషా మహల్ అని పిలిచే భవనం, ధాన్యపు కొట్లు, ఏనుగుల శాల, జైలు గది, లోతైన కోనేరు. ఆ కోనేటి నీళ్ళు తాగితే జ్వరం వస్తుందని పాత గెజిటీర్లలోనే రాశారు. పిల్లలు మాత్రం ప్రతిసారీ తాగుతామని గొడవ చేస్తారు. ఇంగ్లీషు వాళ్ళ బ్యారక్స్, సమాధులు కూడా ఉన్నాయి. బురుజు మీద నుంచి చూస్తే ఒకవైపు కృష్ణా నది, ఇంకోవైపు ఇబ్రహీంపట్నం థర్మల్ స్టేషన్ పొగగొట్టాలు కనబడతాయి.

మా పిల్లలకు మేము మొదట చెప్పే మాట, ఇది రాజధాని కోట కాదు, కాపలా కోట అని. ఇక్కడి నుంచి రాజ్యమేలినవాళ్ళు తక్కువ. ఇక్కడ కాపలా పెట్టినవాళ్ళూ, దీనికోసం కొట్లాడినవాళ్ళూ ఎక్కువ. పద్నాలుగో శతాబ్దంలో కొండవీటి రెడ్డి రాజులు కట్టారు. తర్వాత ఒడిశా గజపతులు, బహమనీ సుల్తానులు దీన్ని ఒకరి నుంచి ఒకరు లాక్కున్నారు. శ్రీకృష్ణదేవరాయలు 1515లో కొండవీడు గెలిచాక నది దాటి కొండపల్లిని కూడా పట్టుకున్నాడు. కానీ గజపతితో సంధి కుదిరి ఆయన కూతుర్ని పెళ్ళి చేసుకున్నాక, నదికి ఉత్తరాన గెలిచిన భూములు తిరిగి ఇచ్చేశాడు. అలా కృష్ణా నదే రెండు రాజ్యాల మధ్య హద్దయింది. మనం రోజూ బస్సులో ప్రకాశం బ్యారేజీ మీద దాటే నది ఇదే. ఆ తర్వాత గోల్కొండ కుతుబ్ షాహీలు వచ్చారు. 1687లో ఔరంగజేబు గోల్కొండను గెలవడంతో మొగలులు, వాళ్ళ తర్వాత నిజాం వచ్చారు.

మన ప్రాంతానికి అసలు గీత పడింది 1766లో. ఆ ఏడాది కంపెనీ సైన్యం జనరల్ కైలాడ్ కింద కోటను పట్టుకుంది. నవంబరులో నిజాం అలీతో ఒప్పందం జరిగి ఉత్తర సర్కారులు కంపెనీకి దక్కాయి. అప్పటి కాగితాల్లో కొండపల్లి సర్కారుకు ముస్తఫానగర్ అని ఇంకో పేరు. నది అవతలి గుంటూరు సర్కారు 1788 దాకా కంపెనీ చేతికి రాలేదు. అంటే ఆ ఇరవై రెండేళ్ళూ నదికి అటు ఒక ఏలుబడి, ఇటు ఒక ఏలుబడి. పడమటి హద్దు ఇంకా చాలాకాలం బతికింది. జగ్గయ్యపేట దాటితే నిజాం ఇలాకా. అక్కడ కరోడ్‌గిరీ నాకాలో సరుకుకు సుంకం కట్టాలి. ఆ గీత 1948 దాకా రెండు దేశాల మధ్య గీతలాగే ఉంది.

గీత తిన్నగా ఉండేదనుకోకండి. హైదరాబాద్ వెళ్ళే రోడ్డులో కంచికచర్ల దాటకముందే పరిటాల వస్తుంది. పెద్ద ఆంజనేయస్వామి విగ్రహాన్ని బస్సు కిటికీలోంచి మీరంతా చూసే ఉంటారు. ఆ పరిటాలలో వజ్రాల గనులుండేవి. అందుకని చుట్టూ ఊళ్ళన్నీ కంపెనీకి ఇచ్చినా, ఆ ఊరినీ దాని పక్కనున్న కొన్ని గ్రామాలనూ నిజాం తన దగ్గరే ఉంచుకున్నాడు. 1947లో దేశానికి స్వతంత్రం వచ్చినప్పుడు పరిటాల ఇంకా నిజాం కిందే ఉండిపోయింది. ఆ ఊరివాళ్ళు తమది స్వతంత్ర రిపబ్లిక్ అని ప్రకటించుకున్నారు. ఇదే రోడ్డు మీద ఇంకా ముందుకెళ్తే కోదాడ అవతల మునగాల. అది దీనికి సరిగ్గా తిరగేసిన కథ. చుట్టూ నిజాం రాజ్యం, మధ్యలో ఆ పరగణా ఒక్కటి కృష్ణా జిల్లాది! 1959లో గానీ దాన్ని నల్గొండలో కలపలేదు. ఈ రెండు ఊళ్ళ కథా చెప్పినప్పుడు మా పిల్లలు నమ్మరు. మ్యాపు గీసి చూపిస్తే నవ్వుతారు.

ఇన్ని గీతల మధ్య మనవాళ్ళేరి? గీతలు దాటే పనిలో ఉన్నారు.

మచిలీపట్నం వైపు సముద్రం ఒడ్డున ఉప్పు పండుతుంది. లోపలి దేశంలో, అంటే ఖమ్మం, వరంగల్, హైదరాబాద్, ఇంకా పైన బేరారు దాకా, ఉప్పు లేదు. రైలు లేని రోజుల్లో, సరైన బండి దారి కూడా లేని చోట్ల, ఆ ఉప్పు ఎద్దుల వీపు మీద వెళ్ళింది. ఎద్దుకు రెండు పక్కలా వేలాడేలా గోణెసంచి వేసి, దారి పొడవునా మేపుకుంటూ, రోజుకు కొన్ని మైళ్ళు మాత్రమే నడుస్తూ మన లంబాడీ బిడారులు తీసుకెళ్ళాయి. తిరుగు ప్రయాణంలో పత్తి, ధాన్యం తెచ్చేవి. ఈ పనికి గోర్ బోలిలో లదేణి అని పేరు. బిడారు పెద్ద నాయక్. ఎక్కడ ఆగాలి, ఏ రాజు మనుషులతో ఎలా మాట్లాడాలి, ఎవరికి ఎంత సుంకమివ్వాలి, అన్నీ అతనే తేల్చేవాడు. ఇవాళ మన పేర్ల చివర ఉన్న నాయక్ ఆ పనివల్ల వచ్చిందే. స్కూల్లో ఎవరో ఎగతాళి చేశారని పేరులోంచి అది తీసేయమని మా దగ్గరకు వచ్చే పిల్లలకు ఈ సంగతే చెప్తుంటాం.

పదిహేడో శతాబ్దంలో గోల్కొండ, మచిలీపట్నం తిరిగిన ఫ్రెంచి నగల వ్యాపారి తవెర్నియే ఈ బిడారుల్ని కళ్ళారా చూసి రాశాడు. పది, పన్నెండు వేల ఎద్దులు ఒకేసారి ఎదురొచ్చేవట. దారి ఇరుకైన చోట అవన్నీ దాటేదాకా బండ్లు రెండు మూడు రోజులు ఆగాల్సి వచ్చేదట. ఒక వర్గం ఉప్పు మాత్రమే, ఇంకొకటి బియ్యం మాత్రమే, ఇలా సరుకును బట్టి వర్గాలుండేవని కూడా రాశాడు. లంబాడీ అనే పేరు లవణం నుంచి వచ్చిందని కొందరు పండితులంటారు, కాదనేవాళ్ళూ ఉన్నారు. మాకైతే ఉప్పు మాటే నచ్చుతుంది.

ఈ కొండపల్లి కోటలాంటి కోటను ముట్టడించాలంటే నెలల తరబడి సైన్యానికి తిండి కావాలి. ఔరంగజేబు గోల్కొండ ముందు ఎనిమిది నెలలు కూర్చున్నాడు. దక్కన్‌లో మొగలు సైన్యాలకు, ఆ తర్వాత టిప్పు మీద, మరాఠాల మీద యుద్ధం చేసిన ఇంగ్లీషు సైన్యాలకు ధాన్యం మోసింది బంజారాలే. షాజహాన్ కాలంలో జంగీ, భంగీ నాయకులకు బంగారు అక్షరాల రాగి రేకు దక్కిందన్న కథ మన తండాల్లో తాతలు ఇప్పటికీ చెప్పుకుంటారు. ఇందులో గర్వపడాల్సిన విషయం యుద్ధానికి సాయం చేయడం కాదని మా అభిప్రాయం. రెండు పక్షాలకూ వాళ్ళు అవసరమయ్యారు. అందుకే సాధారణంగా ఏ పక్షమూ బిడారు జోలికి పోయేది కాదు. సరిహద్దులో కోటకున్న విలువ అందరికీ తెలుసు, ఆ సరిహద్దును దాటగలవాడి విలువ బోర్డుల మీదికెక్కలేదు. గోల్కొండ దర్వాజా దగ్గర నిలబడి కింద హైవే వైపు చూసినప్పుడల్లా ఉప్పెద్దులు నడిచిన దారుల్లో ఇదీ ఒకటై ఉంటుందని మాకనిపిస్తుంది. ఇవాళ మచిలీపట్నం, విజయవాడ, హైదరాబాద్‌లను కలుపుతూ పుణే దాకా పోయే 65వ నంబరు జాతీయ రహదారి అది.

ఉప్పు మోసింది లంబాడీలొక్కరే కాదు. ఉప్పు ఎరుకల అనే పేరే ఉంది. గాడిదల మీద, ఎద్దుల మీద ఉప్పు, ధాన్యం వేసుకుని ఊరూరా తిరిగిన ఎరుకలవాళ్ళు వీళ్ళు. మా హాస్టల్లో ఎరుకల అమ్మాయిలకు ఈ సంగతి చెబితే, "మా ఇంట్లో పందులు, బుట్టలు, సోది సంగతే చెప్తారు మేడం, ఉప్పు సంగతి ఎవరూ చెప్పలేదు" అన్నారు.

ఈ సరిహద్దు సీమలో మన గిరిజనుల రక్తం కారిన కథ కూడా ఒకటుంది. చింతపల్లి నుంచి వచ్చి అమరావతిలో స్థిరపడిన జమీందారు వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు పేరు మీరు వినే ఉంటారు. జగ్గయ్యపేటను తండ్రి పేరుతో కట్టించింది ఆయనే. ఆయన గుళ్ళ గురించి, దానాల గురించి చాలా రాశారు. తన జమీలో దోపిడీలు చేస్తున్నారని చెంచుల్ని భోజనానికి పిలిచి, వచ్చినవాళ్ళను వరసగా నిలబెట్టి తలలు నరికించాడని కూడా జనం చెప్పుకుంటారు. అమరావతి దగ్గర ఆ ఊరి పేరు ఇప్పటికీ నరుకుళ్ళపాడు. తర్వాత ఆయనకు అన్నం పురుగుల్లా కనబడేదని, ఆ పాపభయంతోనే గుళ్ళు కట్టించాడని కథలో మిగతా భాగం. ఈ కథ వినిపించేవాళ్ళు జమీందారు పశ్చాత్తాపం దగ్గర గొంతు పెంచుతారు. చచ్చిపోయిన చెంచుల్లో ఒక్కరి పేరూ కథలో లేదు.

పందొమ్మిదో శతాబ్దం మన దారులను మూసేసింది. రోడ్లు వేశారు, బండ్లు పెరిగాయి. 1864లో వచ్చిన తుపాను, ఉప్పెన మచిలీపట్నంలో దాదాపు ముప్పై వేల మందిని పొట్టన పెట్టుకుంది. ఆ తర్వాత ఆ రేవు మునుపటిలా కోలుకోలేదు. 1889లో హైదరాబాద్ నుంచి రైలు బెజవాడ చేరింది. ఒక్క గూడ్సు బండిలో పట్టే ఉప్పుకు ఎన్ని ఎద్దులు కావాలో లెక్క వేసి చూడండి. మా పిల్లలకు లెక్కల పీరియడ్‌లో ఇది ఇచ్చాం. ఎద్దు మోసేది ఒక క్వింటాలు అనుకున్నా జవాబు చూసి కళ్ళు తేలేశారు. కొండపల్లి స్టేషన్ ఆ లైను మీదే ఉంది. పిల్లలు రైలెక్కినప్పుడు కిటికీలోంచి కోట కనబడుతుందా అని చూస్తారు.

పని పోయినవాళ్ళు ఏమయ్యారు? అడవి అంచున, కొండల పక్కన, ఎవరూ దున్నని నేల దగ్గర ఆగిపోయారు. బిడారు విడిది చేసే చోటును తండా అనేవారు. ఆ విడిదే ఊరయింది. తిరగడమే జీవనంగా ఉన్నవాళ్ళను ప్రభుత్వం అనుమానంగా చూసింది. 1871లో నేరస్థ తెగల చట్టం చేశారు. 1911 చట్టంతో అది మద్రాసు రాష్ట్రానికీ వచ్చింది. ఇక్కడ దాని దెబ్బ ఎక్కువగా తిన్నది ఎరుకలవాళ్ళు. 1913లో బాపట్ల దగ్గర స్టువర్టుపురం, ఇటు బెజవాడ ఎదురుగా నది అవతల సీతానగరం సెటిల్మెంట్లు సాల్వేషన్ ఆర్మీ ఆధ్వర్యంలో నడిచాయి. హాజరు పలకాలి, అనుమతి లేకుండా ఊరు దాటకూడదు. తాతల కాలంలో రాజ్యాల హద్దులు దాటినవాళ్ళ మనవలకు ఊరి పొలిమేరే హద్దయింది. 1952 ఆగస్టు 31న ఆ చట్టం రద్దయింది. బ్యారేజీ దాటి సీతానగరం వైపు వెళ్ళే మన పిల్లలు ఆ చోటు సంగతి తెలుసుకుని వెళ్ళాలి.

1956 నవంబరు 1న ఆంధ్రప్రదేశ్ ఏర్పడటంతో జగ్గయ్యపేట దగ్గరి హద్దు పోయిందని పుస్తకాల్లో ఉంటుంది. మన విషయంలో అది పోలేదు. ఆంధ్ర ప్రాంతంలో సుగాలీలు, లంబాడీలు షెడ్యూల్డు తెగల జాబితాలో ఉన్నారు, తెలంగాణ ప్రాంతంలో లేరు. 1976లో పార్లమెంటు చట్టం చేసి, 1977లో అది అమలయ్యాకే అటువైపు మనవాళ్ళు ఎస్టీలయ్యారు. అప్పటిదాకా జగ్గయ్యపేట తండా అమ్మాయి ఎస్టీ, మధిర తండాలో ఆమె మేనత్త కూతురు కాదు. ఇవాళ్టికీ కర్ణాటక వెళ్తే మనవాళ్ళు ఎస్సీ, మహారాష్ట్ర వెళ్తే విముక్త జాతులు. భాష అదే, తీజ్ అదే, సేవాలాల్ మహరాజ్‌కు పెట్టే భోగ్ అదే.

2014 జూన్ 2 నుంచి గరికపాడు దగ్గర మళ్ళీ సరిహద్దు వచ్చింది. దాన్ని మేము 2020 మార్చి చివర్లో బాగా తెలుసుకున్నాం. మా పిల్లల తల్లిదండ్రులు చాలామంది మిర్చి కోతలకు ఖమ్మం వైపు వెళ్ళి ఉన్నారు. లాక్‌డౌన్ పెట్టగానే అందరూ ఇంటిదారి పట్టారు. గరికపాడు దగ్గర వేలాది మంది ఆగిపోయారు. "మేడం, అమ్మ ఫోను కలవట్లేదు" అని ఇళ్ళకు చేరిన పిల్లలు మాకు ఫోన్లు చేస్తుంటే, ఏం చెప్పాలో తెలియక రెండు రాత్రులు నిద్రపోలేదు. ఒక తల్లి రోడ్డు వదిలి పొలాల గట్ల మీదుగా నడిచి మూడో రోజు తండా చేరింది. దారి ఎలా తెలిసిందమ్మా అని తర్వాత అడిగాం. "మా మామ చెప్పేవాడు, పశువుల్ని తోలుకెళ్ళే దారి అది" అంది.

కాగితాల దగ్గరా ఆ గీత తగులుతుంది. చిన్నప్పుడు మధిర అమ్మమ్మ ఇంట్లో ఉండి చదివిన అమ్మాయి ఇక్కడ ఇంటర్‌కొస్తే లోకల్ అవుతుందా కాదా అన్న ప్రశ్న వస్తుంది. వరసగా నాలుగేళ్ళు ఎక్కడ చదివారన్నదే చూస్తారు. ఇది చదువుతున్న తమ్ముళ్ళకు, చెల్లెళ్ళకు ఒక మాట. ఆరో తరగతి నుంచి ప్రతి స్కూలు స్టడీ సర్టిఫికెట్ ఆ ఏడాదే తీసుకుని దాచుకోండి. స్కూలు మూతపడ్డాక రికార్డుల కోసం తిరిగిన పిల్లల కష్టం మేము చూశాం.

కోట దిగాక పిల్లల్ని బొమ్మల వీధికి తీసుకెళ్ళకపోతే ఊరుకోరు. కొండపల్లి బొమ్మలకు వాడే తెల్లపొణికి చెట్టు ఈ కొండల్లోదే. ఇప్పుడు దొరకడం తగ్గింది. చెక్కను ఆరబెట్టి, ముక్కలు విడివిడిగా చెక్కి, చింతగింజల పొడి, రంపపు పొట్టు కలిపిన మక్కుతో అతికిస్తారు. సున్నం పూసి రంగులు వేస్తారు. చేసేవాళ్ళు ఆర్యక్షత్రియులు. తమ పూర్వీకులు రాజస్థాన్ నుంచి వచ్చారని చెప్తారు. మన తాతలు చెప్పేదీ అదే కదా! రెండు జట్లూ ఎక్కడో ఎడారి దగ్గర బయలుదేరి, ఒకరు కొండ కింద చెక్క చెక్కుతూ, ఒకరు కొండ చుట్టూ ఎద్దుల్ని తోలుతూ ఈ ఊరి దగ్గర కలిశారన్నమాట.

ఈ ఏడాది వెళ్ళినప్పుడు, మొదట ఆ ప్రశ్న అడిగిన అమ్మాయి (ఇప్పుడు పదో తరగతి) ఒక పెద్దాయన ముందు కూర్చుంది. అంబారీ ఏనుగు, ఎడ్లబండి, తాడిచెట్టెక్కే గీతకార్మికుడు, దశావతారాలు, అన్నీ చూసి, "తాతా, బండి లేకుండా వీపు మీద ఉప్పు మోసే ఎద్దు లేదా?" అని అడిగింది. ఆయన ఎప్పుడూ చేయలేదన్నాడు. చేయడం కష్టం కాదన్నాడు. "గోణె ఎలా కట్టేవాళ్ళో చెప్పమ్మా. తాడు కడుపు కిందనుంచి పోతుందా, మెడ దగ్గర ముడి వేస్తారా? ముందు నాకు అది తెలియాలి."

మా పిల్లల్లో ఒక్కరికీ తెలియదు. మాకూ తెలియదు. ఆ రాత్రి హాస్టల్‌కు రాగానే ఆ అమ్మాయి మా ఫోన్ తీసుకుని తండాలో నానమ్మకు ఫోన్ చేసింది. గోర్ బోలిలో చాలాసేపు మాట్లాడింది. నానమ్మ కూడా లదేణి చూడలేదట, కానీ ఆమె అత్తగారు కుట్టిన ఎద్దు నడుం మీద కప్పే గుడ్డ ఒకటి, అద్దాలు ఊడిపోయి, ట్రంకుపెట్టె అడుగున ఉందట. దానికి తాళ్ళు దూర్చే కన్నాలు కూడా ఉన్నాయట. సంక్రాంతి సెలవుల్లో తెస్తానంది.